ఇసోర్ దెల్బెక్ ఆఖరి రీలు

పారిస్,
12 నవంబర్ 1963

గౌరవనీయులైన గిస్లేన్ గారికి,

అర్మాన్ కెనెల్ నమస్కారాలతో రాస్తున్నది. దియెప్‌లో సముద్రపు చలిగాలి మొదలై ఉంటుంది. కొత్త చుక్కల మందుతో మీ కళ్ళమంట కాస్తయినా తగ్గిందని తలుస్తాను.

మంచి వార్త ఒక్కటీ లేదు. మీ అమ్మ ఇసోర్ గారు నటించిన ముప్పై ఒక్క మూకీ సినిమాల్లో ముప్పై ఎప్పుడో పోయాయని మీకు తెలుసు. మొదటి యుద్ధంలో వాటిని కరిగించి బూట్ల మడమలు చేశారని చెప్పినప్పుడు, "అయితే మా అమ్మ ముఖం మీద ఊరంతా నడిచిందన్నమాట" అన్నారు మీరు.

మిగిలిన ఆ ఒక్కటి, 'ఉప్పుమళ్ళ పిల్ల', దొరికింది. ల మాన్ ఊళ్ళో సినిమా ఆపరేటరు బ్రికార్ ఇంటి అటక మీద ఉంది. "మా ఆయన పోయినా ఈ కంపు పోలేదు. పట్టుకుపోండి బాబూ, మీకు పుణ్యముంటుంది" అంటూ ఆయన భార్య డబ్బా నా చేతిలో పెట్టింది.

సోమవారం దాన్ని పాత ఫిల్ములు బాగుచేసే ఫెర్నాన్ దగ్గరికి తీసుకెళ్ళాను. తుప్పుపట్టిన మూత ఊడబెరికేసరికి చెమటలు పట్టాయి. అంచుల్లో తేనెలాంటి జిగురు, మధ్యలో గోధుమరంగు పొడి. ఫెర్నాన్ వేలితో తాకి, "ఇందులో సినిమా లేదు సార్, ముక్కుపొడుం ఉంది" అన్నాడు. నా ముఖం చూసి, ఎందుకన్నానా అని నొచ్చుకున్నాడు. ఒక్క బొమ్మయినా విడదీయమని బతిమాలాను. పాపం, సాయంత్రం దాకా కూర్చున్నాడు. ఒక్కటీ రాలేదు. నిప్పంటుకునే సరుకని తీసుకెళ్ళి పూడ్చేశాడు.

మిమ్మల్ని కన్న మూడోరోజే ఆమె కన్నుమూశారు. ఆమె కదలగా మీరు చూసింది లేదు. "మా అమ్మ గురించి నాలుగు వందల పేజీలు రాశారు కదా ప్రొఫెసర్ గారూ, ఆవిడ నడిచే నాలుగడుగులు చూపించలేరా? వసంతం దాటితే నాకు చూపుండదంటున్నాడు డాక్టరు" అని వేసవిలో అడిగారు. చూపించలేను. ఇంకెవరూ చూపించలేరు. వెతకడానికి చోటు కూడా మిగల్లేదు.

క్షమించమని వేడుకుంటూ,
అర్మాన్ కెనెల్

తా.క.: అంటించిన కవరు మళ్ళీ చింపాను. బ్రికార్ భార్య ఆ డబ్బా ఇచ్చింది ఈమధ్య కాదు, తొమ్మిదేళ్ళ కిందట. అప్పుడు రీలు నిక్షేపంలా ఉంది. దీపం ముందు పెట్టి, చేత్తో తిప్పుకుంటూ ఒక్కసారి చూశాను. మీ అమ్మ ఉప్పు గంప దించి, నడుము పట్టుకుని నిలబడి, ఎవరో పిలిచినట్టు ఇటు తిరిగి నవ్వుతారు. కట్టుకున్న ఏప్రాన్ కింద కడుపు ఎత్తుగా కనిపిస్తుంది. ఆ కడుపులో ఉన్నది మీరే. నా పుస్తకం వచ్చేదాకా మరొకరి కంట పడకూడదని రీలును బీరువాలో దాచాను. పుస్తకం పూర్తికాలేదు. దొరికిందా అని మీరు ఏటా రాశారు. దొరకలేదని నేను ఏటా జవాబు రాశాను.