మడమలెత్తిన కొలత

దేశనూరు,
మంగళవారం

ప్రాణమైన అంబికక్కకు,

నాన్న పనికి ఎసరు పెట్టేవాడొకడు ఊళ్లో దిగాడు. పేరు సుధాకర్. పేదరికం చరిత్ర రాస్తాడట. నూటయాభై ఏళ్ల కిందటి కరువులో జైలు పుస్తకాల్లో ఖైదీల ఎత్తులు రాసిపెట్టారట. చిన్నప్పుడు తిండి చాలనివాడు పొట్టిగా మిగులుతాడు కాబట్టి, ఇప్పటి కూలివాళ్లను వాళ్లతో పోలిస్తే ఎవరి బతుకు ఎంత మారిందో తెలుస్తుందట. వినడానికి బాగుంది. కానీ మా రైస్‌మిల్లుకు మమ్మల్ని కొలవడానికి అతను వచ్చింది ఎవరి కారులో? ఓనరు వరప్రసాద్ కారులో! బస్తాలను లారీకెక్కించే బెల్టు మిషను వస్తుందనీ, సగంమంది హమాలీలు చాలనీ ఆయన అన్నది కూడా ఈ వారమే. ఏడో తరగతితో బడి మానేసినా, దొరికిన కాగితమల్లా చదివేవాణ్ణి. నాకీ మాత్రం అర్థం కాదా?

అందరినీ పక్కకు పిలిచాను. "పొట్టోళ్లని ఏరేసేకి వచ్చినాడప్పా. లుంగీలు కిందికి దించి, లోపల మడమలెత్తండి."

అలాగే చేశారు. అతను చెప్పులు విప్పించాడు గానీ లుంగీ అంచు కింద చూడలేదు. పెద్దల ముందు మడిచిన లుంగీ దించుతాం కదా, మర్యాదే అనుకున్నాడు. "నాకెందుకండీ ఇంత గౌరవం!" అని సిగ్గుపడ్డాడు కూడా. బియ్యం చెరిగే కొట్రమ్మత్త కుచ్చిళ్ల కింద మడమలెత్తి, "బిరబిరా కొలువు సామీ, కాళ్లు పీకుతాండాయి" అంది. నాన్న పిక్కలు పట్టేసినా మడమలు దించలేదు. గెలిచామనుకో.

నీ తమ్ముడు
శరణ్


దేశనూరు,
సోమవారం

అంబికక్కా,

చదివాక నన్ను ఎంతైనా తిట్టు. శుక్రవారం కూలి పెంచమని అడగడానికి వెళ్లాం. వరప్రసాద్ నవ్వాడు. "ఆ జైలోళ్ల కంటే మీరు మూడంగుళాలు పొడుగంటయ్యా. సారు లెక్కే చెబుతోంది. కడుపు నిండకుండానే పెరిగారా?"

ఆ మూడంగుళాలు పెంచింది నేనే.

ఉన్నమాట చెప్పేద్దామంటే నాన్న ఒప్పుకోలేదు. "నోరు మూసుకోరా. మోసం చేసినామని తెలిస్తే ఉండే పనీ పోతాది." ఒక రోజు మూసుకున్నాను. ఆగలేక సుధాకర్ గదికి వెళ్లి అరిచాను. "ఓనరు మనిషివి కాకపోతే లెక్క ఆయప్పకెందుకు చెప్పినావు?"

"అడిగారు, చెప్పాను. తప్పే," అన్నాడు. బస్సు తప్పిపోతే ఓనరే దారిలో కారెక్కించుకున్నాడట. నమ్మాలో వద్దో ఇప్పటికీ తెలియదు. మడమల సంగతి చెప్పాక మాత్రం అతని మొహం పాలిపోయింది. "మళ్లీ కొలుస్తాను. మిల్లులో కాదు, మీ ఇంట్లో."

నిన్న వచ్చాడు. నాన్న నావైపు కొట్టేలా చూశాడు. చాలాసేపు మంచం దిగలేదు. తర్వాత లుంగీ మోకాళ్ల పైకి మడిచి, వెళ్లి గోడకు ఆనుకున్నాడు. అయిదడుగుల ఒక అంగుళం. సుధాకర్ పాత పుస్తకం నకలు తిప్పి చూపించాడు. అందులో మన ఊరి ఖైదీ ఒకడున్నాడు. అతనూ సరిగ్గా అంతే.

"ఆయప్ప ఏం చేసినాడు సామీ?" అన్నాడు నాన్న.

"కరువులో జొన్నలు దొంగిలించాడండీ. మీరు భయపడకండి, మీ పేరు ఎక్కడా రాయను. ఓనరుకు తెలియదు."

నాన్న గోడ దగ్గరి నుంచి కదల్లేదు.

"రాయి సామీ. హొన్నూరుస్వామి అని రాయి. నేను దొంగతనం చేయలా. ముప్పై ఏండ్లు బియ్యం బస్తాలు మోసినా. అది గూడా రాయి."

నీ
శరణ్