జపాన్ దర్శకుడికి కిరణ్ గారి సలహా

శనివారం రాత్రి, గ్వెల్ఫ్, కెనడా

కిరణ్ గారి మీద ఇంత రోత ఎప్పుడూ పుట్టలేదు. ఆయన తీయబోయే తెలుగు సినిమాకు నేను కెమెరా చేయాలి. ఆ తీయబోవడం మొదలై నాలుగేళ్లయింది. ఇప్పటిదాకా తయారైంది పోస్టరొక్కటే.

సాయంత్రం యూనివర్సిటీలో ఒక జపాన్ దర్శకుడి సినిమా చూశాం. ఆ ముసలి దర్శకుడు కూడా వచ్చాడు. ఏ కంపెనీ నీడనా చేరకుండా, కెమెరా, ఎడిటింగ్ తానే చూసుకుంటూ దయ్యాల కథలు తీశాడు, పిల్లల సినిమాలు తీశాడు, జాలర్ల మీద డాక్యుమెంటరీ తీశాడు. ప్రశ్నలడగమనగానే కిరణ్ గారు మైకు లాక్కున్నారు.

"సర్, మీకంటూ ఒక స్టైల్ లేదు. ఒకే జానర్‌లో ఉండుంటే ఈపాటికి పెద్ద డైరెక్టర్ అయ్యేవారు కదా?"

నాకు తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. ముసలాయన మాత్రం అనువాదం ఓపిగ్గా విని, "మీరేం సినిమాలు తీశారు?" అని అడిగాడు. ఎత్తిపొడుపు కాదు, నిజంగా తెలుసుకోవాలనే అడిగాడు.

"ఇంకా ఫండింగ్ ఫైనలైజ్ కాలేదు సర్," అన్నారు కిరణ్ గారు, ఏమాత్రం సిగ్గు లేకుండా.

తిరిగొస్తూ కారులో, "పాపం, ఫెయిల్యూర్ మనిషి. మనం అలా చిన్నచిన్నవి చేయొద్దమ్మా," అన్నారు.

"మీరు వేరే కెమెరామన్‌ని చూసుకోండి కిరణ్ గారూ."

"ఏం, వేరే ఆఫర్ వచ్చిందా?"

"లేదండీ."

ఆ జవాబు ఆయనకు అర్థం కాలేదు.

రేపు నాకు సెలవు. కెమెరా చార్జింగ్‌కు పెట్టాను. ఏం తీస్తానో ఇంకా తెలియదు. చెత్తగా వస్తుందేమోనన్న భయం కూడా ఉంది. అయినా...