కస్టమ్స్‌లో చీర, గడప లోపల నేను

1981 జూన్ 7, ఆదివారం

ఉదయం నలుగు పెట్టారు. ఇక నేను పెండ్లికూతుర్ని. తాళి పడేదాకా గడప దాటకూడదు. ఊరి పొలిమేర మాట ఎత్తనే కూడదు. పెండ్లి గురువారమే. నాలుగు రోజులు ఇంట్లో కూర్చోవడం పెద్ద పనా అనుకున్నాను.

ఇది ట్రైనింగ్‌లో మిగిలిపోయిన నోట్‌బుక్. పసుపు చేతులతో రాస్తుంటే ప్రతి పేజీకీ నా వేళ్ళు అంటుకుంటున్నాయి.

టీచర్ పోస్టు ఆర్డరు ట్రంకుపెట్టెలో ఉంది. వడమాలపేట అవతల బడి. ఇరవై నాలుగో తేదీలోగా చేరకపోతే రద్దు. మా వంశంలో బడికి పోయిన మొదటి మనిషిని నేనే. ఆ కాగితాన్ని దేవుడి పటం వెనక పెట్టమన్నాడు నాయన. పటం వెనక చెదలున్నాయి. పెట్టెలోనే ఉంచాను.

పెండ్లయ్యాక చేరితే అభ్యంతరం లేదని చిత్తూరు వాళ్ళు అన్నారు. పెండ్లికొడుకు జయరామ్ వాళ్ళకు అక్కడ బెల్లం మండీ. ముహూర్తం చీర మగపెండ్లివాళ్ళు పెట్టాలి. వాళ్ళు పెట్టేది సింగపూరు చీర. జయరామ్ అక్క అక్కడి నుంచి పంపింది. పార్సిల్ మద్రాసు కస్టమ్స్‌లో ఆగిందని కార్డు వచ్చింది. మునిరామయ్య మామ, అమ్మ తమ్ముడు, రేపు పోయి తెస్తాడు.

అది జారిపోయే జార్జెట్ అని తెలిసినప్పటి నుంచి అవ్వకు ఒకటే దిగులు, దాని మీద తలంబ్రాలు నిలుస్తాయా అని.

జూన్ 8, సాయంత్రం

మామ వట్టి చేతులతో వచ్చాడు. పార్సిల్‌ను కళ్ళతో చూశాడట. ఇవ్వలేదు.

జయరామ్ తల్లి ఆదిలక్ష్మమ్మ గారు ముచ్చటపడి, కోడలి పేరు మీదే పంపమని కూతురికి రాయించారట. కాబట్టి దాని మీద ఆరూరు నాగరత్నమ్మ అని లేదు. శ్రీమతి పందిళ్ళపల్లి నాగరత్నమ్మ అని ఉంది. ఊరు మాది, ఇంటిపేరు వాళ్ళది. ఆ పేరుగల మనిషి రుజువు చూపించి తీసుకోవాలన్నారు. నా సర్టిఫికెట్లన్నిటిలో ఇంటిపేరు ఆరూరే. నేను పందిళ్ళపల్లి అయ్యేది తాళి కట్టాక. తాళి కట్టేది చీర వచ్చాక.

మామ ఆఫీసరుకు ఇదంతా వివరంగా చెప్పాడట. ఆయన విసుక్కోలేదు. కూర్చోబెట్టి మంచినీళ్ళు ఇప్పించాడు. పెండ్లి చేసుకుని రండి, ఇస్తాం అన్నాడు.

జూన్ 9

మామకు రాత్రంతా నిద్రలేదట. పొద్దున్నే ఉపాయంతో వచ్చాడు. పోయిన నెలే పెండ్లయిపోయిందని నేను రాసి సంతకం పెట్టాలి. కింద కరణం సంతకం ఆయన తెస్తాడు.

అది అబద్ధం కదా అన్నాను.

"రెండు ముక్కలు రాస్తే నీ చెయ్యేమీ అరిగిపోదులే పాపా. నిన్ను సదివించింది ఇందుకు గాదా?"

నాకు భయం అబద్ధానికే కాదు. గవర్నమెంటు కాగితం మీద నేను పందిళ్ళపల్లి అని రాసిస్తే, ఇంకో గవర్నమెంటు కాగితం పట్టుకుని బడిలో చేరేది ఎవరు? ఈ మాట చెబితే అమ్మ ఏడ్చింది. పెండ్లి ఆగిపోయేట్టుంటే దీనికి బడి కావాల్సివచ్చిందా అంది.

ఉన్నది ఉన్నట్టు ఇంగ్లీషులో ఒక పేజీ రాసిచ్చాను. పలానా తేదీన పలానా వారిని పెండ్లాడబోతున్నాను, దయచేసి ఇప్పించగలరు అని. మామ అది మడిచి జేబులో పెట్టుకుని మళ్ళీ పుత్తూరులో రైలెక్కాడు.

జూన్ 10

మామ ఇంకా మద్రాసు నుంచి రాలేదు. ఆదిలక్ష్మమ్మ గారు వచ్చారు. అమ్మ పెండ్లినాటి పట్టుచీర ఉంది, దానితో జరిపిద్దామని నాయన అడిగాడు. ఆమె నాయనకు జవాబివ్వకుండా అమ్మ వైపు తిరిగారు.

"సింగపూరు చీరని మండీ వీధంతా సెప్పుకున్న్యాను వదినా. రేపు పాత కోకతో పీటల మింద కూర్సోబెడితే నా మొగం యాడ పెట్టుకునేది?"

పెండ్లి ఇరవై ఒకటికి మార్చారు. అంతవరకు నలుగు ఆపి పిల్లను కాస్త తిరగనిద్దామా అని కూడా నాయన అడిగాడు. మొదలుపెట్టింది తాళి పడేదాకా ఆపకూడదట. ఈ విషయంలో మాత్రం మా అమ్మ, ఆమె ఒక్కమాట మీద ఉన్నారు.

జూన్ 11, గురువారం

ఈ రోజు నా పెండ్లి కావాల్సింది. మళ్ళీ నలుగు పెట్టారు.

జూన్ 15

బళ్ళు తెరిచారు. గంట మా ఇంటిదాకా వినిపిస్తుంది. కిటికీలోంచి చూస్తే పిల్లలు పలకలు నెత్తిన పెట్టుకుని పోతున్నారు. నా బడిలోనూ ఈ పాటికి పిల్లలు వచ్చి కూర్చుని ఉంటారు. టీచరు లేని తరగతి ఎట్లా ఉంటుందో నాకు తెలుసు.

మోచేతుల దగ్గర చర్మం పొట్టు లేస్తోంది. ఇంకో వారం పోతే నన్నే తుంచి కూరలో వేసుకోవచ్చు, పసుపు కొనే పని తప్పుతుంది అంది అవ్వ. అమ్మ చాలా రోజుల తర్వాత నవ్వింది. నేను నవ్వకూడదనుకున్నాను. నవ్వు వచ్చేసింది.

మామ తిరిగొచ్చాడు. నా ఇంగ్లీషు బాగుందని ఆఫీసరు మెచ్చుకున్నాడట. కాబోయే మనిషికి పార్సిల్ ఇచ్చే రూలు మాత్రం లేదన్నాడట.

జూన్ 18, మధ్యాహ్నం

జయరామ్ వచ్చాడు. వసారాలో నాయనతో మాట్లాడుతుంటే తలుపు వెనక నిలబడ్డాను. తమవల్ల ఇట్లా అయిందని బాధపడ్డాడు. మనిషి మంచివాడే. చెప్పులు వరసగా, ముచ్చటగా విడిచాడు.

నేను అక్కడి నుంచే అడిగాను. ఇరవై నాలుగు ఆఖరి తేదీ, ఉదయం పోయి చేరి సాయంత్రానికి వచ్చేస్తానని. అతనితో నేను మాట్లాడిన మొదటి మాట అదే.

జవాబు నాయనకే చెప్పాడు.

"అమ్మనడిగి సెప్తా మామా."

జూన్ 20

అడిగాడు. కుదరదన్నారు. నలుగు ఒంటి మీద ఉన్న పిల్ల పొలిమేర దాటితే పెండ్లికొడుక్కు కీడట.

రేపటి ముహూర్తమూ పోయింది. చీర రాలేదు. ఆషాఢం వచ్చేస్తోంది, ఇక శ్రావణంలోనే. అప్పటిదాకా నాకు రోజూ నలుగేనా అని అమ్మను అడిగాను. రోజూ అక్కర్లేదు, శుక్రవారాలు చాలు అంది.

మరి గడప?

అమ్మ వంటింట్లోకి పోయింది.

జూన్ 22

మా వీధి తలుపుకు గడియ పడదు. నాకు తెలిసినప్పటి నుంచీ అది తెరిచే ఉంటుంది.

జూన్ 24, బుధవారం, సాయంత్రం 7 గంటలు

తెల్లవారగానే లేచి సీకాయతో, సబ్బుతో, కడకు ఇటుకపొడితో రుద్దుకున్నాను. పసుపు పోలేదు. ట్రైనింగ్‌లో కట్టుకున్న నీలం చీర కట్టుకుని పెట్టెలోంచి ఆర్డరు తీశాను. అమ్మ గడపలో అడ్డం నిలబడింది. ఆ పిల్లాడికి ఏమన్నా అయితే జీవితాంతం ఈ పాపం నాదే అంది. ఆ మాటకు నా కాళ్ళు నిజంగానే ఆగిపోయాయి. ఏమీ కాదని ట్రైనింగ్‌లో చదువుకున్నదంతా చెప్పొచ్చు. కానీ అమ్మ కళ్ళల్లో ఉన్నది వాదన కాదు, భయం. నేను అట్లాగే ఆర్డరు పట్టుకుని నిలబడి ఉన్నాను. మొదటి బస్సు పోయిన చప్పుడు వినిపించింది.

నాయన పశువులకు మేత వేసి వచ్చాడు. కాళ్ళు కడుక్కున్నాడు. తువ్వాలు భుజాన వేసుకున్నాడు.

"వరదా, పక్కకి జరుగు."

అమ్మ జరిగింది.

నాయన ముందు, నేను వెనక. ఎవరూ పలకరించలేదు, అందరూ చూశారు. పొలిమేర రాయి దగ్గర నాయన ఆగాడు. నేనూ ఆగాను. కాసేపు దాని వైపే చూసి, తనే ముందు దాటాడు.

హెడ్‌మాస్టరు గోవిందస్వామి గారు నా చేతులు చూసి, ఇంట్లో పెండ్లా అమ్మా అని అడిగారు. అవును సార్ అన్నాను. ఎవరిది అన్నారు. ఇంకా తేలలేదు సార్ అన్నాను. ఆయన రిజిస్టరు నా ముందుకు జరిపారు. ఆరూరు నాగరత్నమ్మ అని రాశాను. పక్కన పసుపు మరక పడింది. తుడిస్తే ఇంకా పెద్దదయింది.

నాకు మూడో తరగతి ఇచ్చారు.

జూన్ 27

చిత్తూరు నుంచి కబురు. కోపంగా ఏమీ లేదు. జరిగిందేదో జరిగింది, ఉద్యోగం మానేసి వస్తే శ్రావణంలో నలుగు నుంచి మళ్ళీ మొదలుపెడదామన్నారు. చీర సంగతి దిగులుపడొద్దట. ఎవరినో పట్టుకున్నారు, సుంకం కట్టేశారు, ఇక పోస్టులోనే పంపుతారు. మనిషిని గుర్తుపట్టి ఇవ్వాల్సింది మా ఊరి పోస్ట్‌మ్యానే కాబట్టి ఇబ్బంది ఉండదట.

ఏం చెప్పమంటావు పాపా అని నాయన అడిగాడు. చెప్తాను అన్నాను. ఇంకా చెప్పలేదు.

జూలై 11, శనివారం

బడి నుంచి ఇంటికొచ్చానో లేదో పార్సిల్ వచ్చింది. పోస్ట్‌మ్యాన్ దామోదరం అన్న గడప బయట నిలబడి నవ్వుతూ పేరు చదివాడు. శ్రీమతి పందిళ్ళపల్లి నాగరత్నమ్మ.

ఆ పేరుగల మనిషి ఈ ఇంట్లో లేదని చెప్పాను.

అబద్ధం కాదు.