తాళి దొరకని క్యాసెట్

బెర్లిన్, జులై 2021

విశ్వం బాబాయ్,

కరోనాతో పెళ్లిళ్లు లేక వీడియో షాపు మూసేస్తున్నావనీ, పాత క్యాసెట్లు పారేస్తున్నావనీ పిన్ని చెప్పింది. పారేయకు.

నా థీసిస్ ఒక పాతకాలపు హాలీవుడ్ డైరెక్టరు గురించి. బతుకంతా పది నిమిషాల పాటల సినిమాలే తీశాడు. చిన్నవే కదా అని చాలా రీళ్లు స్టూడియోవాళ్లే చెత్తలో వేశారు. ప్రొఫెసర్ టాపిక్ మార్చుకోమన్నా మార్చలేదు. ఆర్నెల్లకు ఆర్కైవ్‌లో టెర్మిన్, అదే అపాయింట్‌మెంట్, దొరికితే, మిగిలినవి నిన్న చూశాను.

హీరోయిన్ పాడుతుంటే అతని కెమెరా డ్రమ్ములవాడి చేతుల మీదికి వెళ్లిపోతుంది. అక్క పెళ్లిలో తాళి కట్టేటప్పుడు నువ్వు తాళి వదిలేసి డోలువాడి చేతులు వీడియో తీసి తిట్లు తినలేదూ? ఆ క్యాసెట్ నాకు కావాలి.

అతని ఫొటో ఒక్కటీ దొరకలేదు. ఇన్ని పెళ్లిళ్లు తీసిన నువ్వూ ఏ క్యాసెట్‌లోనూ లేవు. షాపు మూసేలోపు కెమెరా స్టాండు మీద పెట్టి, దాని ముందు నువ్వు నిలబడు.