ఆటలో మిగిలిన పేరు

బావా,

నీ సంవత్సరీకం అయ్యాక ఖర్చులు చూసుకుంటుంటే, నువ్వూ అమ్మాయీ టీవీలో ఆడే వీడియో ఆటల ఫ్యామిలీ ప్లాను ఇంకా నడుస్తోందని తెలిసింది. ఇప్పుడు ఆడేది అదొక్కతే కదా, ఒక్కరి ప్లానుకు మార్చమన్నాను. ఆదివారం ఎచ్చెర్ల హాస్టల్ నుంచి వచ్చి టీవీ ముందు కూర్చుంది.

"ఒక్క పేరే ఉంతాదమ్మా. రెండోది తీసీస్తే ఆ పేరుతో ఆడిందంతా పోతాది."

ఆటలో నువ్వు కడుతూ వదిలేసిన ఊరు గుర్తొచ్చింది. అయినా, "తీసెయ్యవే" అని వంటింట్లోకి వెళ్లిపోయాను.

తిరిగొచ్చేసరికి టీవీ మీద నీ పేరే ఉంది.

"నాది తీసీసాను. నాన్న వంతెన సగంలోనే ఉండిపోనాది కదా."

సాయంత్రానికి వంతెన పూర్తిచేసింది. అవతలి ఒడ్డున ఏం కట్టాలనుకున్నావో మా ఇద్దరికీ తెలియలేదు.