గరిటె మైకు ముందు నేను

గురువారం రాత్రి, ఘాలా లేబర్ క్యాంపు (గల్ఫ్)

ఛుట్టీకి ఇంటికెళ్లి తిరిగొచ్చినవాడే ఆ వారం మా రూమ్ షోకి గెస్టు. ఈ రాత్రి నా వంతు. బకెట్ బోర్లించి దానిమీద కూర్చోబెట్టారు. మా రూమ్‌లోని రాజన్న సైట్ హెల్మెట్ పెట్టుకుని, పప్పు గరిటెను మైకులా పట్టుకున్నాడు. ముందు నేను తెచ్చిన సకినాలను ఇంటర్వ్యూ చేశాడు. అవి జవాబు చెప్పలేదని కోపమొచ్చి కరకరా నమిలేశాడు. నవ్వలేక చచ్చాం.

తర్వాత గరిటె నా నోటి ముందు పెట్టాడు. "బిడ్డ గుర్తువట్టిందా తమ్మీ?"

నేను తల దించుకున్నాను. ఛుట్టీ అంతా పాప నన్ను చూస్తే చాలు, వాళ్లమ్మ వెనక దాక్కునేది.

రాజన్న ఒక్క క్షణం నన్ను చూసి, గరిటె తనవైపు తిప్పుకున్నాడు. "నా కొడుకైతే నేను ఎదురుంగ నిలవడ్డా, నాకోసం ఫోన్ల దేవులాడిండు!"

"పెండ్లి కానోనికి కొడుకెక్కడికెల్లి వచ్చిండే రాజన్నా?" అని రూమంతా గోల. ఆ గోలలో నా కళ్లు ఎవరూ చూడలేదు. రాజన్న చల్లగా ఉండాలి.

రేపు డ్యూటీ లేదు, ఇంటికి వీడియో కాల్ చేయాలి. ఫోన్‌లో అయితే పాప నన్ను చూడగానే "డాడీ" అంటుంది.