పరవని గొంగడి

ఆదివారం, మహబూబ్‌నగర్

నా నాట్య ప్రదర్శనకు గొంగడి కావాలంటే పెదనాయిన ఊళ్లోని ఇంటిదే తెచ్చిచ్చాడు. ఎందుకో నేను చెప్పలేదు, ఆయన అడగలేదు. మా కురుమ ఇంట్లో పెళ్లిజంటను కూర్చోబెట్టే గొంగడి అది. కేరళ నర్సును చేసుకున్నాడని ఒక్క నాయినకే దాన్ని పరవలేదు.

వేదిక మధ్యలో పరిచి దాని చుట్టూ ఆడాను. స్పీకర్లో ఒకసారి నాయిన గొర్రెలను అదిలించే కేక, ఒకసారి అమ్మ మలయాళం జోలపాట. గొంగడి మీద మాత్రం చివరిదాకా ఎవరూ కూర్చోరు. అదే నా ఆట.

చప్పట్లయ్యాక పెదనాయిన పైకి వచ్చాడు. తిడతాడనుకున్నాను.

“గప్పుడు మీ నాయిన అడిగితే పెట్టెల వెట్టి తాళమేసిన బిడ్డా,” అన్నాడు. ముందు వరసలో ఉన్న అమ్మ వైపు తిరిగి, “రా తల్లీ, జర కూసో,” అన్నాడు.

అమ్మ చెప్పులు విప్పి వచ్చింది. మధ్యలో కాకుండా ఒక పక్కగా కూర్చుంది. పోయిన నాయినకు జాగా వదిలిందని అర్థమవడానికి నాకు కాస్త సమయం పట్టింది.

ఇన్నేళ్లూ నాయిన వైపు వాళ్లూ అమ్మ వైపు వాళ్లూ నావాళ్లేనని ఆడుతూ తిరిగాను. ఆ గొంగడి అమ్మానాయినలిద్దరికే సరిపోతుంది. నేను అంచు దగ్గరే నిలబడిపోయాను.